ఆరుసార్లు వద్దన్నాను

నేలతల్లిని మేము ఏడాదికి ఒక్కసారే పిలుస్తాం. బంగాళాదుంప నాటే రోజు, మొదటి నాగటి చాలుకు ముందు. పిలిచాక నేలమీద సారా పొయ్యాలి, పిలిచినవాడూ ఓ గుక్క తాగాలి, కోకా ఆకు పెట్టాలి, పొద్దు వాలేలోపు విత్తనం పడాలి. ఉత్తుత్తినే పిలిస్తే ఆ ఏడు చేను పండదు.

లాపాజ్ నగరం నుంచి రెనాటా అనే అమ్మాయి సినిమా తీయడానికి వచ్చింది. రెండు కెమెరాలు. ఒకటి నన్ను తీయడానికి, రెండోది నన్ను తీస్తున్నవాళ్ళను తీయడానికి. తెరమీద కనబడేదంతా కల్పించిందేనని చూసేవాళ్ళకు తెలియాలట. నాటడం ఎలాగూ ఉంది కదా అని ఒప్పుకున్నాను.

పొద్దున్నుంచి ఎడ్లు కాడి కిందే ఉన్నాయి. మబ్బు పోవాలన్నారు. పోయాక ఎండ ఎక్కువైందన్నారు. మధ్యాహ్నానికి రెనాటా నా చేతికో సీసా ఇచ్చింది. వాసన చూశాను.

"ఇది టీ కదమ్మాయ్."

"అవును పెద్దయ్యా. పదిసార్లు తీయాల్సి రావచ్చు. సారా అయితే నాలుగోసారికే పడిపోతారు."

విత్తనం మూట మీద కూర్చున్న నా భార్య ఫిలోమెనా నవ్వింది. "నాలుగా? రెండోదానికే పడతాడు."

"తల్లిని పిలిచి టీ పొయ్యను," అన్నాను. "నా చేను పండాలి."

కోపం వస్తుందనుకున్నాను. రెనాటా మొహం వెలిగిపోయింది.

"ఇదే కావాలి! అయ్యో, రెండో కెమెరా మీ వీపు వైపుంది, మొహం పడలేదు. ఇందాకటిలాగే వాసన చూసి, వద్దనండి పెద్దయ్యా."

వద్దన్నాను. గాలి చప్పుడు పడిందని 'కట్' అన్నారు. మళ్ళీ వద్దన్నాను. ఎద్దు తల తిప్పిందన్నారు. ఫిలోమెనాను ఇందాకటి నవ్వే నవ్వమన్నారు.

"అది అయిపోయిందమ్మా. ఇప్పుడు ఆకలే మిగిలింది," అంది ఆమె.

ఆరోసారి "నా చేను పండాలి" అన్నప్పుడు ఆ గొంతు ఎవరిదోలా వినబడింది. రెనాటా దానికే చప్పట్లు కొట్టింది.

వాళ్ళ జీపు వెళ్ళేసరికి కొండ నీడ చేను అంచు దాకా వచ్చింది. మా సారా సీసా తీశాను. తల్లీ అని పిలిచాను, మట్టి మీద పోశాను, ఓ గుక్క తాగాను, ఆకు పెట్టాను. చెయ్యి అలాగే ఉంచి ఆగిపోయాను.

"ఎవరికోసం ఆగావ్?" అంది ఫిలోమెనా.

"కట్ అంటారేమోనని."

ఆమె నవ్వలేదు. మూట ముడి విప్పింది.

"పిలిచేశావుగా. ఇక దున్ను."

నిజంగానే పిలిచానా అని ఆమెను అడగలేదు. ఎడ్లను అదిలించాను. చీకటి పడేలోపు నాలుగు చాళ్ళు పడ్డాయి.