కంచె అవతల కోయ్లా

"ఈసారి ఇంకో రెండు బస్తాల పిండి కాల్చాలి మెరెరిద్. రెండేసిసార్లు కాల్చి బాగా ఎండబెట్టు. దారిలో బూజు పట్టకూడదు," అన్నాడు ఇథెల్ బూట్లు విప్పుకుంటూ.

కాల్చగలవా అని అడగలేదు. పద్నాలుగేళ్ళ కాపురంలో ఎప్పుడూ అడగలేదు. నేను మోచేతుల దాకా పిండిలో ఉన్నాను. రెండు బస్తాలంటే ఎన్ని రోజులు తెల్లవారకముందే లేవాలో, ఎన్ని మోపుల ముళ్ళకంప కొట్టుకురావాలో నా నడుముకి తెలుసు. మట్టి పొయ్యిలో చెయ్యి పెట్టి, పది అంకెలు లెక్కపెట్టేలోగా వెనక్కి లాక్కోవాల్సి వస్తే పొయ్యి సిద్ధమైనట్టు. అలా లెక్కపెట్టీ పెట్టీ నా కుడిచేతి మీద వెంట్రుకలు మొలవడం మానేశాయి. చూబుట్ లోయలో ఉన్న మా వేల్స్ వాళ్ళందరూ ఆ రొట్టెని మెచ్చుకుంటారు. 'ఇథెల్ రొట్టె' అంటారు దాన్ని.

మా అత్తగారైతే ఇంకో మాట కూడా అంటుంది, నలుగురూ టీకి కూర్చున్నప్పుడు. "మా కోడలికి కడుపు పండకపోయినా పొయ్యి మాత్రం పండింది." అందరూ నవ్వుతారు. నేనూ నవ్వేదాన్ని. నవ్వకపోతే బాధపడ్డానని తెలిసిపోతుంది కదా.

వేల్స్ నుంచి ఓడలో, భూమి దక్షిణ కొసనున్న ఈ పటగోనియాకి వచ్చినప్పుడు నాకు ఇరవై రెండేళ్ళు. మొదటి రెండేళ్ళూ గోధుమ సరిగా పండలేదు. కోయ్లా వాళ్ళు మాంసం ఇవ్వకపోతే మేం ఎవరమూ మిగిలేవాళ్ళం కాదు. వాళ్ళు మాకంటే ముందునుంచీ ఇక్కడ తిరిగే తెహ్వెల్చె జనం. చలికాలానికి ముందు గుర్రాల మీద కొండల నుంచి దిగేవాళ్ళు. మగవాళ్ళు వేట మాంసం, ఉష్ట్రపక్షి ఈకలు, ఒంటె జాతి జంతువు గ్వనాకో తోళ్ళతో కుట్టిన దుప్పట్లు తెచ్చి ఇచ్చి, రొట్టె పట్టుకెళ్ళేవాళ్ళు. కోయ్లా మాత్రం తిన్నగా నా వంటింట్లోకి వచ్చి నేల మీద చతికిలబడేది. పొడగరి. నాకంటే పదేళ్ళు పెద్దదై ఉంటుంది. మా భాషలో ఆవిడ మొదట నేర్చుకున్న మాటలు రొట్టె, టీ, అయ్యో.

ఒకరోజు ఇథెల్ టీ తాగి, పక్కనే బల్ల ఉన్నా, ఖాళీ కప్పు నా చేతికిచ్చి వెళ్ళాడు. కోయ్లా ఆయన వెళ్ళిన వైపే చూసి, "వాడి చేతులకి జబ్బా?" అని అడిగింది.

నాకు నవ్వాగలేదు. ముఖమంతా పిండి అయింది.

"నవ్వకు. నావాడూ అంతే," అంది. "డేరా కుట్టేది నేను, వేసేది నేను, విప్పేది నేను. నేను లేకపోతే వానలో పడుకుంటాడు. నోరు మాత్రం ఇంత!" రెండు చేతులూ చాచి చూపించింది.

దుప్పటి ఆవిడ కుట్టింది. గ్వనాకో పిల్లల తోళ్ళు పదమూడు, ఉష్ట్రపక్షి నరంతో, కుట్టు కనపడకుండా. రొట్టె నేను కాల్చాను. బేరం మాత్రం గుమ్మం బయట ఆవిడ మొగుడూ నా మొగుడూ ఆడేవాళ్ళు. మేమిద్దరం కిటికీ లోంచి చూసేవాళ్ళం. ఒకసారి వాళ్ళ బేరం మధ్యాహ్నం దాకా తెగలేదు. కోయ్లా విసుగొచ్చి లేచి, మడిచిన దుప్పటి ఒకటి నా ఒళ్ళో పడేసి, రెండు రొట్టెలు చంకలో పెట్టుకుంది. "అయిపోయింది. ఇది నీకు," అంది. ఆ సాయంత్రం ఇథెల్ ఆ దుప్పటి నా ఒళ్ళోంచి తీసుకున్నాడు. "బేరాలు నీకు తెలీదు, ఊరుకో," అన్నాడు. తర్వాత వచ్చిన ఓడలో అది వెళ్ళిపోయింది. నేను ఊరుకున్నాను.

ఆ తర్వాత రెండు చలికాలాలు వాళ్ళు దిగలేదు. ఉత్తరాన, స్పానిష్ మాట్లాడే ఈ దేశపు ప్రభుత్వ సైన్యం తెగల్ని చుట్టుముట్టి పట్టుకుంటోందని విన్నాం. ఈకలూ దుప్పట్లూ లేక ఇథెల్ వ్యాపారం పడుకుంది. అంతలో ఆ సైన్యం శిబిరానికే ఎండు రొట్టెలు పంపే పని దొరికింది. మొదటి బండి ఆయనే తోలుకెళ్ళి పదిహేను రోజులకి తిరిగొచ్చాడు. నేను మొదట చెప్పిన మాటలు అన్నది ఆ రోజే.

భోజనం దగ్గర అడిగాను. "అక్కడ మనవాళ్ళెవరైనా కనిపించారా?"

"మనవాళ్ళెవరు?"

"కోయ్లా వాళ్ళు."

"ఉన్నారు. తీగ కంచె లోపల. వందల మంది." మాంసం ముక్క నములుతూనే చెబుతున్నాడు. "ఆవిణ్ణీ చూశాను. కంచె దాకా వచ్చి రొట్టె, రొట్టె అంది. నీ పేరు పెట్టి కూడా పిలిచింది."

"ఇచ్చారా?"

"ఎలా ఇస్తాను? పక్కన అధికారి ఉన్నాడు. ఈవిడ నీకు తెలుసా అని అడిగాడు. తెలీదన్నాను. తెలుసంటే ఈ పని ఉంటుందా మనకి? ఇంకాస్త మాంసం వెయ్యి."

వేశాను. నాకు ఇప్పటికీ మింగుడుపడనిది అదే. ఆయన తెలీదన్నందుకు కోపం వచ్చింది, నిజమే. కానీ ఆ మాట విన్నాక కూడా నా చెయ్యి తనంతట తను గరిట పట్టుకుంది. ఆ రాత్రీ మర్నాడూ పిండి పిసుకుతూ అదే ఆలోచించాను. ఆవిడ కంచె పట్టుకుని అడిగిన రొట్టె నేను కాల్చినది. ఆవిడకి కాపలా కాసేవాళ్ళు తింటున్నదీ నేను కాల్చినదే. ఎవరికి పెట్టాలో నన్నెవరూ అడగలేదని సరిపెట్టుకోవచ్చు. పద్నాలుగేళ్ళుగా అన్నిటికీ అలాగే సరిపెట్టుకున్నాను. దుప్పటి పోతే అడగలేదు, నా రొట్టెకి ఆయన పేరు పెడితే అడగలేదు. అడగకపోవడం మంచితనమని మా అమ్మ చెప్పింది, పాస్టరు గారు చెప్పారు. ఇప్పుడు చూస్తే అది నాకొక్కదానికే నష్టం చేసేది కాదు.

ఆదివారం ప్రార్థన అయ్యాక పాస్టరు గారు అందర్నీ కూర్చోమన్నారు. పట్టుబడిన తెహ్వెల్చె వాళ్ళు మన స్నేహితులు, వాళ్ళని విడిచిపెట్టమని శిబిరం అధికారికి ఉత్తరం రాద్దామన్నారు. "తెలిసినవాళ్ళని పేరు పేరునా రాస్తేనే బలం. చెప్పండి."

మగవాళ్ళు పెద్దల పేర్లు చెప్పారు. గుర్రాలు అమ్మినవాళ్ళ పేర్లు చెప్పారు. పదకొండు పేర్లు వచ్చాయి.

"ఆడవాళ్ళ పేర్లు?"

ముందు వరసలోంచి ఒకాయన, "ఫలానావాడి భార్య అని రాస్తే చాలదూ?" అన్నాడు.

లేచి నిలబడ్డాను. "కోయ్లా," అన్నాను. ఆవిడ చెల్లెళ్ళిద్దరి పేర్లు, కూతురి పేరు, ముక్కు మీద మచ్చ ఉన్న ముసలావిడ పేరు చెప్పాను. వెనక వరసలోంచి మా పక్కింటి లౌరి ఇంకో మూడు చెప్పింది. పాస్టరు గారి కలం ఆగకుండా నడిచింది.

"ఇథెల్, నువ్వు మొన్ననే వెళ్ళొచ్చావుగా? వీళ్ళలో ఎవరైనా కనిపించారా?" అని అడిగారాయన.

"అంతమందిలో గుర్తుపట్టలేదండీ," అన్నాడు ఇథెల్.

"గుర్తుపట్టారు," అన్నాను. నేను ఇంకా నిలబడే ఉన్నాను. "కోయ్లా కంచె దగ్గరికొచ్చి రొట్టె అడిగింది. అధికారి అడిగితే ఈవిడెవరో తెలీదన్నారు. ఇంటికొచ్చి నాతో చెప్పారు."

మందిరంలో ఎవరో దగ్గారు. ఉత్తరం ఎవరు తీసుకెళ్తారన్న మాట వచ్చింది. కోతల రోజులు, మగవాళ్ళకి తీరిక లేదు. నేనెళ్తానన్నాను. సరుకు తోలే లౌరి వాళ్ళ అన్నయ్య బండ్లు బుధవారం అటే బయల్దేరుతున్నాయి.

ఇంట్లో అత్తగారు ఏడ్చింది. "మొగుడి పరువు మందిరంలో తీసేసి ఊరేగుతావటే?"

"నలుగురిలో నన్ను అబద్ధాలకోరుని చేశావు," అన్నాడు ఇథెల్.

"నేను చెయ్యలేదండీ."

"మరి అన్నాళ్ళూ ఇక్కడ వంటెవరు చేస్తారు?"

గుమ్మంలో నిలబడ్డ లౌరి జవాబిచ్చింది. "ఏం ఇథెల్, గోధుమ కోసే చేతులకి బంగాళాదుంప తొక్క తియ్యడం రాదా?"

బుధవారం, కాల్చిన రొట్టెలన్నీ ఎక్కించుకుని నా బండి నేనే తోలాను. ఆరు రోజుల దారి. ఏ వాగు దగ్గర ఆగినా నల్లబడ్డ పొయ్యి రాళ్ళు, డేరా గుంజలు పాతిన గుంటలు కనిపించాయి. బండ్లవాళ్ళు మంచి చోటని అక్కడే దిగేవాళ్ళు. మంచి చోటు కాక ఏమవుతుంది? ఎవరో ఎన్నో తరాలు చూసి చూసి ఎంచుకున్నది. మా పొలం గట్టున కూడా అలాంటి రాళ్ళుండేవి. మొదటి ఏడు నేనే ఏరి పొయ్యి పునాదిలో వేశాను. అవి ఎవరివని అప్పుడు ఆలోచించలేదు.

శిబిరానికి చేరగానే నా బండిలో రొట్టెలన్నీ కంచె మీంచి అందించాను. ఒక సిపాయి వద్దన్నాడు, ఇంకొకడు అటు తిరిగి నిలబడ్డాడు. ఎన్ని చేతులు! వాటిలో కోయ్లా చెయ్యి లేదు. మా వంటిళ్ళు ఎరిగిన ముసలాయన ఒకడు మా భాషలోనే పలకరించాడు.

"ఆలస్యం చేశావమ్మా. పని చేసే ఓపికున్న ఆడవాళ్ళనీ పిల్లల్నీ ఓడరేవుకి తోలుకుపోయి ఎనిమిది రోజులైంది. రాజధానిలో పెద్దవాళ్ళ ఇళ్ళల్లో పనికట."

"కోయ్లా ఎవరింటికి?"

"మాకు చెబుతారా?"

అంటే నేను రొట్టెలు ఎండబెడుతున్న రోజుల్లో ఆవిడ ఇంకా ఇక్కడే ఉంది.

అధికారి ఉత్తరం చదివి సొరుగులో పెట్టాడు. దాని వల్ల తర్వాత నాలుగు కుటుంబాలు బయటికొచ్చాయని విన్నాను. ఆ రోజు మాత్రం నేను ఒక్క విషయమే అడిగాను, కోయ్లా ఏ ఇంట్లో ఉందని. ఆయన బల్ల మీదున్న లావుపాటి పుస్తకం మీద చెయ్యి పెట్టాడు.

"అన్నీ ఇందులో ఉన్నాయమ్మా. కానీ బంధువులకి తప్ప చెప్పకూడదు. ఆవిడ మీకేమవుతుంది?"

దారి పొడుగునా నేను ఒక జవాబు వల్లెవేసుకున్నాను, అక్క అవుతుందని. నోటిదాకా వచ్చింది. కానీ ఎవరు అక్క? ఆవిడ తీగలు పట్టుకుని అరిచినప్పుడు నేను పొయ్యి వేడి చూసుకుంటున్నాను. నా మొగుడు నన్ను ఎంత చిన్నబుచ్చినా నన్నెవరూ కంచెలో పెట్టలేదు. సాయంత్రానికి నాకో ఇల్లుంది.

"నాకేమీ కాదండీ," అన్నాను వచ్చీరాని స్పానిష్‌లో. "నేను ఉంటున్నది ఆవిడ చోట్లో."

ఆయన పుస్తకం తెరిచి, పేరు మళ్ళీ చెప్పమన్నాడు. ఒక్కో అక్షరమే చెప్పాను. ఇల్లూ వీధీ ఆయన చదువుతుంటే రాసుకుని, కాగితం రవికలో పెట్టుకున్నాను.

బయటికొచ్చేసరికి లౌరి వాళ్ళ అన్నయ్య ఎడ్లని మా లోయ వైపు తిప్పుతున్నాడు. నేను నా బండి దగ్గరికెళ్ళి, ఓడరేవు దారి ఎటో చెప్పమన్నాను.