అరువు గొంతు

జండీరా డజనుకు పైగా సినిమాల్లో కథానాయిక. ఒక్కదాంట్లోనూ ఆమె గొంతు లేదు.

మారుమూల ఊరు కరువారు నుంచి బస్సెక్కి సావ్ పావులో మహానగరంలో దిగిన కొత్తలో, ఆమె మాట విని మొదటి నిర్మాత కడుపు పట్టుకుని నవ్వాడు. "మొహం మహారాణిది, మాట మేకలు కాసేదానిది! నువ్వు పెదాలు కదిపితే చాలమ్మాయ్." ఆ రోజుల్లో మాటలన్నీ తర్వాత స్టూడియోలో అతికించేవారు. ఆ అతికించిన గొంతు ఎవరిదో జండీరాకు ఎన్నడూ తెలియలేదు. వీధిలో జనం చుట్టుముట్టి ఒక్క డైలాగు చెప్పమనేవారు. ఆమె నోరు విప్పగానే వాళ్ల మొహాలు వాడిపోయేవి.

అందుకని గదిలో రేడియో పెట్టుకుని, ఒంటరిగా పట్నం యాస నేర్చుకుంది. అది పట్టుబడేసరికి వేషాలు ఆగిపోయాయి.

జుట్టు నెరిశాక, మైరా అనే కుర్ర దర్శకురాలు వెతుక్కుంటూ వచ్చింది. "మీ ప్రాంతపు ముసలమ్మ వేషం, జండీరాగారూ. గొంతు కూడా మీదే."

జండీరాకు ఆ రాత్రి నిద్ర పట్టలేదు. తీరా రిహార్సల్లో ఆమె మాట్లాడుతుంటే మైరా మొహం చిన్నబోయింది.

"బాగుందమ్మా... కానీ ఇది పట్నం మాట. మీ ఊళ్లో మాట్లాడినట్టు అనండి."

జండీరా ప్రయత్నించింది. వచ్చింది మాత్రం టీవీలో హాస్యగాళ్లు వెక్కిరించే యాస. మైరా కాగితాల్లోకి చూస్తూ, "రేపు చూద్దాం" అంది.

జండీరా ఇంటికొచ్చి, తల్లి పోయాక ఎన్నడూ చేయని పని చేసింది. చెల్లెలు డోరలీస్‌కు ఫోన్ చేసింది.

"ఎవులు?"

"నేనే డోరా, జండీరాని."

"మా అప్ప గొంతు నాకు తెల్దేటి? మాకేటీ అక్కర్నేదు, ఇంకెవుల్నైనా మోసం సేసుకో." ఫోన్ పెట్టేసింది.

జండీరాకు ఒళ్లు మండింది. మళ్లీ నొక్కింది.

"ఒలే గాడిదా! పెద్దదాన్ని మాటాడతంటే పెట్టీసినావేటే? అమ్మ ఉంటే నీ నడ్డి ఇరగ్గొట్టును!"

అవతల డోరలీస్ కేక పెట్టింది.

"ఒలమ్మో, అప్పా! ఇందాక మాటాడిందెవులే?"

జండీరా ఏడుస్తూ నవ్వింది. మొక్కజొన్న పాయసం గురించి, ఊళ్లో పోయినవాళ్ల గురించి చాలాసేపు మాట్లాడుకున్నారు.

"మనూరి జాన్ దేముడి పండక్కొత్తావేటి?"

"షూటింగుందే."

"ఎప్పుడూ అదే మాట" అని డోరలీస్ నిట్టూర్చి పెట్టేసింది.

మాట మళ్లీ జారిపోతుందేమోనని, జండీరా ఖాళీ గదిలో గిన్నెలు కడుగుతూ కుండీలోని మొక్కను తిట్టింది, కుళాయిని తిట్టింది. జవాబిచ్చేవాళ్లు లేరు. మర్నాడు మొదటి టేకుకే సీను ఓకే అయింది. మైరా ఆమెను కావిలించుకుంది.

సినిమా విడుదలనాడు హాలు బయట ఒక పెద్దమనిషి చేయి కలిపాడు. "అద్భుతం, మేడమ్! ఆ పల్లెటూరి యాస ఎంత బాగా అనుకరించారు! ఎవరి దగ్గర నేర్చుకున్నారు?"

జండీరా చెబుదామని నోరు తెరిచింది. చుట్టూ అందరూ చూస్తున్నారు.

"చాలా థాంక్సండీ" అంది, పట్నం యాసలో. కోటు గుండీలు పెట్టుకుని బస్సు కోసం నడిచింది.