డెల్ ఊరికి తిరిగొచ్చిన వారం

బంగాళాదుంపలు ఉడికిన వాసన ఇల్లంతా పట్టేసింది. నలభై పౌండ్లు, నాలుగు వాయిలు. మంగళవారం ఆర్లీన్ ఫోన్ చేసి, "వెర్నాగారూ, శనివారం చర్చిలో అంత్యక్రియలున్నాయి. నూట యాభై మంది భోజనానికి ఉంటారట. మీ బంగాళాదుంపల సలాడ్ లేకపోతే జనం లేచి వెళ్ళిపోతారు" అంది. ఆర్లీన్ మా చర్చి వంటవాళ్ళకి పెద్ద. మా ఊళ్ళో ఎవరు పోయినా, మట్టి చేసి వచ్చినవాళ్ళకి చర్చి కింది హాల్లో హామ్ శాండ్‌విచ్‌లు, నా సలాడ్ పెట్టడం రివాజు. అరవై ఏళ్ళుగా చేస్తున్నాను, ఎనభై ఎనిమిది వచ్చినా నన్ను మానమన్నవాళ్ళు లేరు. "ఎవరో డెల్ హాస్కిన్స్ అట. ఎప్పుడో కొరియా యుద్ధంలో తప్పిపోయిన కుర్రాడు. అరవై తొమ్మిదేళ్ళకి ఎముకలు దొరికాయట, పాపం. మీ ఈడువాడే అయ్యుంటాడు, తెలుసా మీకు?" అని అడిగింది. తెలుసన్నాను. గుడ్లు కూడా నన్నే ఉడకబెట్టమంటావా అన్నాను. డెల్ నా మొదటి మొగుడని మాత్రం చెప్పలేదు. ఆర్లీన్ ఈ ఊరికి కోడలుగా వచ్చేనాటికే ఆ సంగతి ఎరిగినవాళ్ళు సగం మంది పోయారు, మిగతావాళ్ళు మర్యాదకి మర్చిపోయారు.

మాది నాలుగు నెలల కాపురం. పంతొమ్మిది వందల యాభై నవంబరులో డెల్ కనబడటం లేదని నా పేరనే టెలిగ్రామ్ వచ్చింది. మూడేళ్ళ తర్వాత, చనిపోయినట్టే లెక్క అని ఇంకో కాగితం వచ్చింది. మరో రెండేళ్ళకి వెండెల్‌ని చేసుకున్నాను. "నా కొడుకు ఎముకలైనా దొరకలేదు, ఇది ఇంకో మంచం ఎక్కింది" అని డెల్ తల్లి కిరాణా కొట్లో అందరూ వింటుండగా అంది. నేను పిండి సంచీ ఎత్తుకుని ఇంటికొచ్చేశాను. మళ్ళీ పెళ్ళి చేసుకున్న భార్య సైన్యం దృష్టిలో భార్య కాదు. అందుకే మొన్న కబురు డెల్ తమ్ముడి కొడుకు రాడ్నీకి వెళ్ళింది, పెదనాన్న పోయిన పదేళ్ళకి పుట్టినవాడికి. ఇద్దరు సైనికాధికారులు వాళ్ళింట్లో కూర్చుని ఏ ఎముక ఎక్కడ దొరికిందో మూడు గంటలు చెప్పారట. నేను మా ఊరి వారపత్రికలో చదివాను, చిక్కుడుకాయల ఈనెలు తీస్తూ.

చదివిన దగ్గర్నించి నాకేమైందో నాకే అర్థం కావడం లేదు. ఏడుద్దామని సింకు దగ్గర నిలబడితే రాలేదు. మర్నాడు ఆవాల ముద్ద సీసా మూత రాకపోతే గంటసేపు ఏడ్చాను. డెల్ మొహం గుర్తు చేసుకోబోతే యూనిఫాంలో దిగిన ఫోటో వస్తుంది గాని మనిషి రాడు. గొంతు అసలే లేదు, వెండెల్ గొంతుతో మాట్లాడుతున్నాడు. ఇది అతని కోసం దిగులా, ఆ పంతొమ్మిదేళ్ళ పిల్ల కోసమా? విధవనా? నిక్షేపంలాంటి మొగుడు ముందుగదిలో బేస్‌బాల్ చూస్తుంటే విధవనెలా అవుతాను? వెండెల్ కూడా సైన్యంలో చేశాడు. టెక్సస్‌లో, వంటశాలలో, రెండేళ్ళు బంగాళాదుంపలే చెక్కు తీశాడు. బయటికొచ్చాక ఒక్కటి చెక్కు తీసిన పాపాన పోలేదు.

"శనివారం నేను పైన కూర్చోనా, కింద ఉండనా?" అని అడిగాను అతన్ని.

"ఎక్కడ పైన?"

"చర్చిలో. ఇంటివాళ్ళ వరసలో."

టీవీ గొంతు తగ్గించాడు. అరవై నాలుగేళ్ళలో డెల్ పేరు పలకలేదు వెండెల్, ఎప్పుడూ 'ఆ అబ్బాయి' అనే. "ఆ అబ్బాయితో నీకేం పని ఇప్పుడు? మనిద్దరికీ ముందే కొన్న సమాధి రాయి మీద నా పేరు పక్కన నీ పేరు కూడా చెక్కించాను. పోయిన తేదీ ఒక్కటే రాయాలి" అన్నాడు. చెడ్డవాడు కాదు. ప్రేమగానే అన్నాడు. ఆ రాయి చెక్కించేటప్పుడు నన్నడగలేదని ఇన్నేళ్ళకి నాకు తట్టింది.

శుక్రవారం రాడ్నీ వచ్చాడు. హాస్కిన్సులు మా గడప తొక్కడం అదే మొదలు. చేతిలో కాగితం. "వెర్నాగారూ, పెదనాన్నని చూసినవాళ్ళలో మీరొక్కరే మిగిలారు. రేపు నేను నాలుగు మాటలు చదవాలి. సరిగ్గా ఉందో లేదో వినండి చాలు" అని చదివాడు. సెలవు మీద వచ్చిన డెల్, యుద్ధానికి పిలుపు రాగానే 'ఎవరో ఒకరు వెళ్ళాలి కదా' అని నవ్వుతూ రైలెక్కాడట. మా నాయనమ్మ అలాగే చెప్పేది అన్నాడు. ఎముకల్ని దుప్పట్లో చుట్టి, పైన కొత్త యూనిఫాం పరిచి పెట్టెలో పెట్టారని కూడా చెప్పాడు.

"ఏ కొలతది?" అన్నాను.

"ఏంటండీ?"

"యూనిఫాం. అతనివి సన్న భుజాలు. కాలరు ఎప్పుడూ వదులయ్యేది."

రాడ్నీ తెల్లమొహం వేశాడు. "అవన్నీ వాళ్ళు చూసుకుంటారు లెండి. ఈ కాగితంలోది నిజమే కదా?"

నేను అవుననలేదు. కాదననూ లేదు. కాఫీ పొయ్యనా అన్నాను. అతను దాన్నే అవునని తీసుకుని లేచాడు. ఆడవాళ్ళు నోరు మూసుకుంటే ఒప్పుకున్నట్టేనని ఈ దేశంలో ఎవరు చెప్పారో గాని, మగవాళ్ళందరికీ కంఠతా వచ్చు.

నవ్వుతూ రైలెక్కలేదు డెల్. ముందురోజు పెరటి మెట్ల మీద కూర్చుని వెక్కి వెక్కి ఏడ్చాడు. వ్యోమింగ్‌లో మా బాబాయికి గొర్రెల మంద ఉండేది, అక్కడ దాచిపెట్టమని నా మోకాళ్ళు పట్టుకున్నాడు. "నాకు భయంగా ఉంది వెర్నా. నేను వెళ్ళను" అన్నాడు. నేను దాచలేదు. ఒక్క మాట అన్నాను, అతను కళ్ళు తుడుచుకుని లేచాడు. ఆ మాట ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు. అది నా మాటేనా? మా నాన్నది, పాస్టరుది, బళ్ళో మా టీచరుది నా నోట్లోంచి వచ్చిందా? లేక నిజంగా నాదేనా? సలాడ్ కలుపుతూ అదే ఆలోచిస్తూ ఉప్పు రెండుసార్లు వేశాను.

శనివారం ఊరంతా రోడ్డు మీద జెండాలు పట్టుకు నిలబడింది. నేను కింది వంటగదిలో ఊరగాయ దోసకాయలు తరుగుతున్నాను. పైన జరిగేది మాకు వినబడాలని గోడకి చిన్న స్పీకరు పెట్టారు. అందులోంచి రాడ్నీ గొంతు వచ్చింది. "మా పెదనాన్న నవ్వుతూ వెళ్ళాడు. ఆయన భార్య, మా పెద్దమ్మ వెర్నా, కళ్ళారా చూసింది." ఇన్నేళ్ళకి ఆ కుటుంబం నన్ను పెద్దమ్మని చేసింది, అబద్ధానికి సాక్ష్యం కావాల్సి వచ్చి.

ఆర్లీన్ చేతిలో గరిటె అలాగే ఉండిపోయింది. "మీరా? అయ్యో, చెప్పలేదేం వెర్నాగారూ. మీ చేత ఇంత చాకిరీ చేయించానే."

"సలాడ్‌లో ఉప్పెక్కువైంది. ఇంకో రెండు గుడ్లు కలుపు" అని చెప్పి మెట్లెక్కాను. పద్నాలుగు మెట్లు, రెండుసార్లు ఆగాను. ఎందుకెక్కుతున్నానో సగం వరకూ తెలియలేదు. తలుపు తీసేసరికి పాస్టరు, ఇంకెవరైనా మాట్లాడతారా అని అడుగుతున్నాడు. నడవా పక్కన కూర్చున్న వెండెల్ నన్ను చూసి, "ఏం, కాఫీ అయిపోయిందా?" అన్నాడు మెల్లగా. అతని భుజం మీద చెయ్యి వేసి ముందుకి నడిచాను. ఏప్రన్ విప్పలేదు. పెట్టె మీద జెండా నున్నగా ఉంది, ముట్టుకోలేదు.

"నేను డెల్ భార్యని" అన్నాను. మైకులో నా గొంతు ఎవరిదోలా వినబడింది. "రాడ్నీ తప్పు లేదు, నిన్న నేనే కాదనలేదు. డెల్ నవ్వుతూ వెళ్ళలేదు. భయమేసి ఏడ్చాడు. ఇరవై రెండేళ్ళవాడు. దాచిపెట్టమని నన్నడిగాడు. నేను దాచి ఉంటే బతికేవాడో, జైల్లో పడేవాడో నాకు తెలీదు. నేనన్న మాట ఒక్కటే. 'ఊళ్ళోవాళ్ళేమనుకుంటారు' అన్నాను."

పాస్టరు నా మోచెయ్యి పట్టుకోబోయాడు. నేను విడిపించుకున్నాను.

"ఊళ్ళోవాళ్ళంటే మీరే. అందరూ ఇక్కడే ఉన్నారు" అన్నాను. "చెప్పండి, ఏమనుకుంటున్నారు?"