నిండు బిందెల కార్యక్రమం

1986 ఎండాకాలం. ఝరాసంగం దగ్గరి పల్లెలో మణెమ్మ వాళ్ల వాడ బావి ఎండి రెండు నెలలైంది. నీళ్లకు రెండు కోసులు నడవాలి. మణెమ్మ కోడలు ఇందిరమ్మకు ఏడో నెల. మొన్ననే బిందెతో దారిలో పడింది.

అప్పుడు టీవీ వాళ్లు వస్తున్నారని కబురు. వేషగాళ్లు ఉండరట, ఊరి జనమే తమ బతుకు చూపించే కొత్త కార్యక్రమమట. పెద్ద సార్లు చూస్తే బోరింగు పడుతుంది. మణెమ్మకు అదొక్కటి చాలు.

కానీ మనుషులొస్తుంటే వాకిలి ఎండబెట్టి కూర్చుంటారా? ముందురోజు ఆడవాళ్లంతా రెండేసిసార్లు నడిచారు. వాకిట్లో సాన్పి చల్లి ముగ్గులు పెట్టారు. వచ్చేవాళ్లు కాళ్లు కడుక్కోవాలని అరుగు మీద ఏడు బిందెలు తోమి నింపారు.

జీపు దిగిన సారు కాళ్లు కడుక్కుని, చెంబెడు నీళ్లు తాగాడు. "మీరు రోజూ ఎలా ఉంటారో అలాగే ఉండండమ్మా" అని, మణెమ్మతో మూడుసార్లు బిందె ఎత్తించాడు. "కొంచెం నవ్వండి."

"నవ్వుడెందుకు సారూ? మా బాయి ఎండింది. కోడలు కడుపుతోటి నీళ్లు మోస్తుంది. గదే చూపియ్యుండ్రి."

"చెప్పండి, అన్నీ వస్తాయి."

అన్నీ చెప్పింది. బావి దగ్గరికి రమ్మంటే వెలుతురు పోతోందని జీపెక్కాడు.

పదిహేను రోజులకు పంచాయతీ టీవీ ముందు ఊరంతా కూర్చుంది. తడి వాకిలి, నిండు బిందెలు, మణెమ్మ నవ్వు. ఆమె మాట ఒక్కటీ లేదు. మాటల చోట పిల్లనగ్రోవి వాయించారు.

"నీ పండ్లు మంచిగ కనవడ్డయక్కా" అంది పక్కింటి నారమ్మ. "నోరే యాడ పోయిందో."

మర్నాడు మణెమ్మ బోరింగు కోసం అర్జీ పట్టుకుని జహీరాబాదు బస్సెక్కింది. ఆఫీసులో గుమాస్తా ఆమెను చూసి సంబరపడ్డాడు. "టీవీల వచ్చినామెవు గదా. మీ వాడల నీళ్లు మస్తుగున్నయ్ గదమ్మా, మేమంత చూసినం."

"అవి వాళ్ల కాళ్లకని మోసుకొచ్చినం సారూ. ఏడు బిందెలు."

"ఎండిన ఊర్లు శానున్నయ్. ముందు వాళ్లకు." అర్జీని కట్టల అడుగున పెట్టాడు. పక్క గదిలోంచి ఇద్దరిని పిలుచుకొచ్చాడు. "ఒక్కసారి గట్లనే నవ్వమ్మా, వీళ్లు చూస్తరట."

మణెమ్మ నవ్వలేదు. పొద్దు వాలేసరికి ఇల్లు చేరింది. అరుగు మీద ఆరు బిందెలే ఉన్నాయి. ఇందిరమ్మ లేదు.

చెప్పులు కూడా తొడుక్కోకుండా బాట పట్టింది. కోసు దూరంలో బిందె దొర్లి ఉంది. దాని పక్కనే కడుపు పట్టుకుని కోడలు. చుట్టూ నేల తడితడిగా ఉంది, టీవీలో వాకిలి కనబడినట్టే.