శనివారం కేకు

…అయినా ఆ పండు తినకముందు వాళ్లిద్దరికీ తాము సుఖంగా ఉన్నామని తెలిసి ఉండదు కదా; దుఃఖం ఎలా ఉంటుందో తెలియనివాళ్లకి సుఖం ఎలా తెలుస్తుంది, తెలియని సుఖాన్ని సుఖం అనవచ్చా, అని వాగ్దేవి అనుకుంటూ ఉండగా షేర్ ఆటో ఒక్క కుదుపుతో ఆగింది. ముందు చెరకు ట్రాక్టరు. వెనక్కి వేలాడుతున్న గడలు రోడ్డును ఊడుస్తూ పోతున్నాయి. డ్రైవరు దాసు హారన్ కొట్టలేదు. ఫ్యాక్టరీ నడిచే రోజుల్లో చెరకు బండి మీద హారన్ కొట్టి లాభం లేదని ఈ రోడ్డు మీద తిరిగేవాళ్లందరికీ తెలుసు.

వాగ్దేవి కె.కోటపాడులో జూనియర్ కాలేజీ పిల్లలకి ఇంగ్లీషు చెబుతుంది. మిగిలిన వేళల్లో విశాఖపట్నంలో ఎవరో నడుపుతున్న నిఘంటువు యాప్‌కి ఇంగ్లీషు మాటలు తెలుగులోకి మార్చి పంపుతుంది. ఒక అర్థం, ఒక వాడుక వాక్యం. ఈ రోజు వచ్చిన మాట ప్రీలాప్సేరియన్. క్రైస్తవ మతశాస్త్రంలోది. దేవుడి తోటలో ఆదాము, హవ్వ తినవద్దన్న పండు తిని, మంచీ చెడూ తెలిసి, సిగ్గుపడి ఆకులు చుట్టుకుని, ఆ తోటలోంచి బయటపడక ముందరి కాలానికి సంబంధించినది అని అర్థం. లాటిన్‌లో జారిపోవడాన్ని లాప్సస్ అంటారట. ప్రీమియం కట్టకపోతే పాలసీ లాప్సయిందంటామే, ఆ జారడమే ఇదీ. జారిన తర్వాతి కాలానికి ఇంకో మాట ఉంది, పోస్ట్‌లాప్సేరియన్. అందులో మనందరం ఉన్నాం, దాసు ఆటోలో ఉన్నట్టే, ఒకరి ఒళ్లో ఒకరం.

అర్థం రాయడం తేలికే. పతనపూర్వ అని రాసి పక్కన వివరణ ఇస్తే సరిపోతుంది. వాక్యమే కుదరడం లేదు. అమాయకమైన అని సర్దేద్దామంటే, అమాయకుణ్ణి ఎదురుగా కూర్చోబెట్టుకుని కూడా అమాయకుడనవచ్చు. ఈ మాట అలా కాదు. పోయిందని తెలిసినవాడే దీన్ని పలకగలడు. లోపల ఉన్నంతసేపూ దీనితో పని లేదు.

ఫోన్ మోగింది. యాప్ నుంచి శ్రీసుధ.

"వాగ్దేవిగారూ, ఆ మాట ఇవాళ పంపేస్తారా? వాక్యం మాత్రం మతాల జోలికి పోకుండా చూడండి."

"అది మతం మాటేనండి. పండు తినడం గురించే కదా మొత్తం కథ."

"అదేనండి. మతం మాటే, మతం లేకుండా. పిల్లలు కూడా చూస్తారు."

ఫోన్ పెట్టేసేసరికి పక్కన బుట్ట ఒళ్లో పెట్టుకుని కూర్చున్న ముసలామె ఆమెనే చూస్తోంది. పేరు అప్పలనరసమ్మ. కూతురింటి నుంచి రావికమతం వెళ్తున్నానని ఎక్కినప్పుడే అందరికీ చెప్పింది.

"పండు పండంతన్నావు. ఏటి పండమ్మా?"

దేవుడు తినొద్దన్న పండు ఒకటి ఉండేదని వాగ్దేవి మొదలుపెట్టింది.

"ఓస్, అదా. మా వీదిలో సర్చి ఉంది, మైకులో ఇనబడతాది. ఆడదే తెచ్చి పెట్టిందంట కదా. పెట్టింది సరే, ఆడు నోరు తెరవకపోతే ఎవులు కుక్కీసేరు?"

దాసు అద్దంలోంచి చూసి నవ్వాడు. "పెళ్లాం పెడితే ఏటేసేవని అడుగుతామేటప్పా? తలొంచుకు తింతాం."

"అందుకే మీ బుద్దులలాగున్నాయి. ఏదైనా అప్పటి రోజులే వేరు. మా అయ్య వండిన బెల్లం నల్లగుండీది, తియ్యగుండీది. ఇప్పుడు తెల్లగ నేకపోతే ఎవులూ కొనరట. ఏదో మందు కలిపీసి తెల్లగ సేసేత్తన్నారు."

"నాకైతే ఈ ఫోన్లు రాకముందే బాగుండీది," అన్నాడు దాసు. అంటూ ఉండగానే అతని ఫోన్ మోగింది. తీసి చెవికీ భుజానికీ మధ్య ఇరికించుకుని, ట్రాక్టరును కుడివైపు నుంచి దాటేశాడు.

వాగ్దేవికి సరదా వేసింది. వాడుక వాక్యాలు ఆటో నిండా ఉన్నాయి. ప్రతివాళ్లకీ వెనక ఎక్కడో ఒక తోట ఉంది, తోటలో బెల్లమో మరోటో ఉంది, దాన్ని చెడగొట్టినవాళ్లు ఉన్నారు. ఆ చెడగొట్టినవాళ్లు మాత్రం ఎప్పుడూ వేరేవాళ్లే. పండు నేనే తిన్నాను, బాగుంది కూడా, అన్నవాళ్లని ఆమె ఇంతవరకూ చూడలేదు.

చోడవరంలో దిగి ఇంటికి కాక బేకరీ వైపు నడిచింది. మామగారు కేకు ముక్క తెమ్మన్నారు.

ఆయన అడగడమే ఒక విశేషం. వేంకటరమణమూర్తిగారు హైస్కూల్లో తెలుగు చెప్పి రిటైరయిన మనిషి. బయట తినరు. ఇంట్లో కూడా కొత్తది ఏది వడ్డించినా చెయ్యి ఆపి, "ఏం వేశారమ్మా ఇందులో?" అని అడిగేవారు. అత్తగారు కమలాంబ బతికున్నంతకాలం ఆవిణ్ణీ అడిగారు. ఆవిడ పోపు గింజలతో సహా చెప్పేది. వాగ్దేవి కాపరానికి వచ్చాక ఆమెనీ అడిగారు. కొన్నేళ్లు అలా జరిగింది. అత్తగారు పోయాక, ఎప్పుడో ఒక పూట, అడగడం మానేశారు. కంచంలో ఏది పడితే అది కలుపుకుని తినేస్తున్నారు. ఆ మార్పు ఇంట్లో ఇంకెవరూ గమనించలేదు. వాగ్దేవి గమనించింది. కాలేజీలో ఉత్తమ అధ్యాపకురాలని శాలువా కప్పినప్పుడు కూడా ఆమెకి అంత గర్వం కలగలేదు.

మొన్న శనివారం భర్త కేదార్ పుట్టినరోజు చేశారు. అసలు రోజు గురువారం. పాయసం ఆ రోజే అయిపోయింది. కేకు మాత్రం ఆ ఇంట్లో శనివారానికి వాయిదా వేస్తారు. ఊళ్లో శనివారం గుడ్డు ముట్టని ఇళ్లు ఎక్కువ కాబట్టి, బేకరీవాళ్లు ఆ రోజు గుడ్డు లేకుండానే చేస్తారు. ఇంకేమీ విచారించక్కర్లేదు. అందుకని ఆ వీధిలో చాలామంది శనివారాల్లోనే పుడతారు.

ఆ సాయంత్రం వాగ్దేవే ముక్క కోసి ఆయన ముందు పెట్టింది. "తినండి మావయ్యగారూ, శనివారంది, గుడ్డుండదు," అంది. ఎప్పుడూ వద్దనే మనిషి ఆ రోజు ఎందుకో తిన్నారు. ఇంకో ముక్క వేయించుకున్నారు. ఇవాళ పొద్దున్న ఆమె బయల్దేరుతుంటే గుమ్మం దగ్గరికి వచ్చి, చిన్నపిల్లాడిలా గొంతు తగ్గించి, "అమ్మాయ్, ఆ శనివారం నాటిది ఒక ముక్క దొరుకుతుందేమో చూస్తావా," అన్నారు.

బేకరీ యజమాని బాలు గల్లాపెట్టె వెనక నుంచి పలకరించాడు. వాగ్దేవి సంగతి చెప్పింది. "మొన్న శనివారం మావారు తీసుకెళ్లారు చూడండి, అలాంటిదే. కానీ గుడ్డు లేకుండా ఉండాలి."

"సారు ఎన్నింటికి వచ్చేరండి?"

"మధ్యాహ్నం. మూడవుతుందేమో."

బాలు బుర్ర గోక్కున్నాడు. "అయితే అలాంటిది గుడ్డు నేకుండా రాదండి."

"అదేంటి?"

"శనివారం సరుకు సాయంత్రం గాని దిగదండి. మూడింటికి పట్టుకెళ్లేరంటే అది శుక్రవారం మిగిలిపోయింది. గుడ్డుదే."

"మరి చెప్పలేదేం?"

"సారు అడగనేదు కదండి. శనివారం కదాని ఆయనకి ధైర్యం. తెలిసే పట్టుకెళ్తన్నారని మావోళ్లకి ధైర్యం." అతను నిజంగానే నొచ్చుకున్నాడు. "ఎవులైనా తిననోలు తినీసేరా అండి?"

వాగ్దేవికి మొదట నవ్వొచ్చింది. పాపం తర్వాత సిగ్గు వస్తుందని చదువుకుంది, నవ్వు ముందొస్తుందని ఎక్కడా చదవలేదు. బేకరీలో అన్నీ ఎక్కడివక్కడే ఉన్నాయి. సీసాల్లో బిస్కెట్లు, అద్దం మీద ఈగ, మాడుగుల హల్వా పొట్లాల దొంతర. మారింది ఒక్కటే. ఇందాకటి వరకూ తెలియదు, ఇప్పుడు తెలుసు.

బాలు గాజు బీరువాలోంచి గుడ్డు లేని ముక్క ఒకటి తీసి డబ్బాలో పెట్టి ఇచ్చాడు. ఆమె బయటికొచ్చి కేదార్‌కి ఫోన్ చేసింది. అతను బ్యాంకులో కౌంటరు దగ్గర ఉన్నాడు. అంతా విని అడిగాడు.

"నాన్నకి చెప్పేసేవా?"

"లేదు."

"చెప్పకు. ఇప్పుడు ప్రాయశ్చిత్తం అంటారు, ఉపవాసం అంటారు, ఆ బీపీతో. తెలియక తిన్నదానికి దోషం లేదే."

"మీకెవరు చెప్పేరు?"

"నాన్నే. నా చిన్నప్పుడు."

"మీరేం తిన్నప్పుడు?"

"అది వేరే కథ," అన్నాడు కేదార్. "లైన్లో జనం ఉన్నారు, ఉంటాను."

తెలియక తిన్నదానికి దోషం లేదు. సరే. ఆమె కూడా శనివారం తెలియకే పెట్టింది. అంటే శనివారం ఇద్దరూ తోటలోనే ఉన్నారు. ఇవాళ ఆమె ఒక్కతే బయటికొచ్చింది. ఆయన ఇంకా లోపలే, తన రెండు ముక్కల రుచిని తలుచుకుంటూ కూర్చున్నారు. ఇక మీదట కంచె దగ్గర కాపలా ఆమెది. పెద్ద కష్టమేం కాదు. ఇళ్లన్నీ ఏదో ఒక కాపలా మీదే నడుస్తాయి. ఈ డబ్బా ఆయన ముందు పెడితే, ఇందులో అబద్ధం కూడా లేదు.

వినాయకుడి గుడి దాటేవరకూ ఆ ఆలోచన హాయిగానే ఉంది. తర్వాత అందులో ఏదో కాలికి గుచ్చుకుంది. ఆయన ఆరోగ్యం గురించి భయపడుతున్నానని కదా అనుకుంటోంది. నిజంగా అదేనా? ఆయన ఒక పూట ఉపవాసం చేస్తే ఏమవుతుంది. ఏకాదశులకి చేస్తూనే ఉన్నారు. ఆమె కళ్ల ముందు కదులుతున్నది ఉపవాసం కాదు. రేపు పొద్దున్న ఆయన కంచం ముందు కూర్చుని, చెయ్యి ఆపి, తలెత్తి, ఏం వేశారమ్మా ఇందులో అనడం. మళ్లీ మొదటికి రావడం. కాపాడుతున్నది ఆయన అమాయకత్వాన్ని కాదు, ఆయన కళ్లల్లో ఉన్న తన బొమ్మని. పిల్లల దగ్గర పెద్దవాళ్లు చేసే పనే ఇది. ఆమె పెద్దాయన దగ్గర చేస్తోంది.

ఇంటి మలుపులో ఆగి, ఆ వాక్యం ముగించేసి పంపింది. 'వంటింట్లో ఏం జరుగుతుందో తెలియనంతకాలం భోజనానికి ఒక పతనపూర్వపు రుచి ఉంటుంది.' నిమిషంలో శ్రీసుధ జవాబిచ్చింది: 'సూపరండి. మతం అస్సలు లేదు.'

వేంకటరమణమూర్తిగారు వరండాలో కళ్లజోడు తుడుచుకుంటున్నారు. చేతిలో డబ్బా చూసి లేచి, ఏమీ చూడనట్టు మళ్లీ కూర్చున్నారు. వాగ్దేవి కాళ్లు కడుక్కుని, ముక్కని పళ్లెంలో పెట్టి, చెంచాతో సహా తెచ్చి ఇచ్చింది. ఆయన చెంచా పక్కన పెట్టి వేళ్లతోనే తుంచుకుని నోట్లో వేసుకున్నారు. కళ్లు మూసుకుని నమిలారు. కళ్లు తెరిచారు.

"బాగుంది," అన్నారు మర్యాదగా.

"ఇంకొంచెం తినండి."

ఇంకొంచెం తిన్నారు. "బాగుంది. కానీ అమ్మాయ్, ఆ రోజుది ఇలా లేదు. అది నోట్లో పెడితే దూదిలా పొంగి కరిగిపోయింది. ఇది పొడిపొడిగా ఉంది, పాలపొడి వాసనేస్తోంది. వేరే కొట్టా?"

"అదే కొట్టు మావయ్యగారూ."

"అదే మనిషి చేస్తాడా?"

"అదే మనిషి."

"చిత్రం." ఆయన పళ్లెం అటూ ఇటూ తిప్పి చూశారు. పాఠం మధ్యలో కుదరని సంధి ఒకటి ఎదురైనప్పుడు పిల్లలకేసి ఇలాగే చూసి ఉంటారు. "వెనకింటి శాస్త్రిగారితో కూడా చెప్పేను. వాళ్ల మనవడి పుట్టినరోజుకి వచ్చే శనివారం అదే తెప్పించుకోండి, శనివారంది నిశ్చింతగా తినొచ్చు, మా వాగ్దేవి పెట్టింది అని. ఆయన నేను చెబితే తింటాడు."

వాగ్దేవి కొంగు చివరతో చెయ్యి తుడుచుకుంది. చెయ్యి తడిగా లేదు.

"మరి ఏం వేశారమ్మా ఆ రోజు దాంట్లో?" అన్నారు ఆయన.

గొంతులో అనుమానం లేదు. మంచి రుచి దారి తప్పితే వెతుక్కునే మనిషి కుతూహలం, అంతే. జవాబులు ఆమె దగ్గర వరసగా ఉన్నాయి. వెన్న ఎక్కువ వేశారు. కొత్త పొయ్యి. నిన్నటి పిండి. ఏది అన్నా ఆయన తలూపి, మిగిలిన ముక్క తినేసి, రేడియో పెట్టుకుంటారు. రేపు కంచం ముందు ఏమీ అడగరు.

వాగ్దేవి గోడవారగా ఉన్న కుర్చీ లాక్కుని ఆయన ఎదురుగా కూర్చుంది.

"గుడ్డు, మావయ్యగారూ," అంది.