ఎవరి పేరు వాళ్ల లోటా మీద

నా చేత్తో కొట్టిన పేరు చెరిగిపోయిందని పాకాలలో ఇంతవరకు ఒక్కరూ నా దగ్గరికి రాలేదు. గొప్ప కోసం చెప్పడం లేదు, ఉన్న మాట చెబుతున్నాను. రైల్వే స్టేషన్ రోడ్డులో పాత్రల అంగడి ముందు చిన్న బల్ల వేసుకుని నలభై ఏళ్లుగా బిందెల మీద, చెంబుల మీద, టిఫిన్ క్యారియర్ల మీద పేర్లు కొడుతున్నాను. లాల్ బాషా ఎవరో తెలియని ఇల్లు ఉండవచ్చు గాని, నా అక్షరం లేని వంటిల్లు ఈ ఊళ్లో ఉండదు.

ఈ మధ్య ఆ పని బాగా తగ్గిపోయింది. ఇప్పుడు పెండ్లిళ్లలో పేర్లు ఎక్కడ వేస్తున్నారో తెలుసా? నీళ్ల బాటిల్ మీద. అరలీటరు బాటిల్, దాని నడుముకు ఒక కాగితం, కాగితం మీద కొత్త జంట ఫొటో. ఆకు పక్కన మనిషికొకటి పెడతారు. జనం మూత తిప్పి నాలుగు చుక్కలు ఆకు మీద చల్లుతారు, రెండు గుక్కలు తాగుతారు, మిగతాది అక్కడే వదిలేసి చేయి కడుక్కోవడానికి లేస్తారు. సాయంత్రానికి ఆ పెండ్లికొడుకూ పెండ్లికూతురూ నవ్వు మొహాలతో మండపం వెనక పారే వంకలో పడి ఉంటారు. చూసినప్పుడల్లా నాకు ఒళ్లు మండేది.

ఒళ్లు మండితే ఓర్చుకోవచ్చు, ఇల్లు మునిగితే ఎట్లా? పోయిన కార్తీకంలో తుఫాను వాన పడినప్పుడు కల్వర్టు కింద బాటిళ్లు బిగుసుకుపోయి, వంకలో పోవలసిన నీళ్లన్నీ మా వీధిలోకి తిరిగాయి. నా భార్య జైతున్‌బీ బియ్యం డబ్బా నెత్తిన పెట్టుకుని మంచమెక్కి నిలబడింది. అప్పుడు ఆ బురదలో దిగి, పనివాళ్లతో పాటు తనూ చేతులతో బాటిళ్లు బయటికి లాగిన పిల్ల నందిని. మా పక్క వీధి ఏకాంబరం కూతురు, పంచాయతీ ఆఫీసులో పారిశుధ్యం చూసే ఉద్యోగం. మూడు ట్రాక్టర్లు నిండాక గాని నీళ్లు కదల్లేదు.

మర్నాటి నుంచి ఆమె ఊళ్లో ఉన్న నాలుగు కల్యాణ మండపాల చుట్టూ తిరిగింది. బాటిళ్లు పెట్టవద్దని చెప్పింది, బతిమాలింది, కాగితాలిచ్చింది. వాళ్లు టీ ఇచ్చి పంపించారు. చివరికి వాళ్లలో పెద్దవాడైన సుబ్రమణ్యం ఒక మెలిక పెట్టాడు.

"వైశాఖంలో నీ పెండ్లి నా మండపంలోనే కదమ్మా. ఆడ ఒక్క బాటిల్ లేకుండా జరిపి సూపించు. మేం నలుగురం వచ్చి మొదటి బంతిలోనే కూర్సుంటాం. జరిగిందా, మేమూ మానేస్తాం. ఆకు పక్కన ఒక్క బాటిల్ కనపడిందా, ఇంక నువ్వు ఈ మాట ఎత్తగూడదు."

"సరే" అనేసింది నందిని. ఆ సంగతి సాయంత్రానికి ఊరంతా పాకింది.

మరుసటి వారం నా బల్ల ముందుకొచ్చి కూర్చుంది. "మామా, పెండ్లిలో తాంబూలం సంచితో స్టీలు డబ్బా ఇస్తారు కదా. మేం డబ్బా బదులు లోటా ఇస్తాం. పోయేటప్పుడు కాదు, లోపలికి వచ్చేటప్పుడే. దాంట్లోనే భోజనానికి నీళ్లు తాగుతారు, దాన్నే ఇంటికి తీసకపోతారు. కడిగే పని లేదు, పారేసే పని లేదు. ఎట్ల ఉండాది?"

స్టీలు గ్లాసును మా పక్క లోటా అంటాం. ఎన్ని కావాలని అడిగాను.

"ఆరువందలు. అన్నిటి మీదా మా ఇద్దరి పేర్లు నువ్వే కొట్టల్ల."

ఆరువందలు! సంతోషంతో నాకు ఆ రోజు అన్నం సయించలేదు. నెల రోజులు కూర్చున్నాను. 'నందిని - రూపేష్'. పెండ్లికొడుకుది సత్యవేడు. 'ష్' మీద పొల్లు జారకుండా, రెండు పేర్లూ ఒక్క గీతలో నిలబడేలా కొట్టాను. జైతున్‌బీ ఒక లోటా వెలుతురుకు పట్టి చూసి, "అజీ, మన పెండ్లప్పుడు ఈ చెయ్యి యాడికి పోయినాది?" అంది. అంత బాగా వచ్చాయి.

ఈ కథలో కోపం తెచ్చుకున్నవాడు ఒకడున్నాడు, గిరిప్రసాద్. నందినికి సొంత మేనమామ. వాడికి నీళ్ల బాటిళ్ల ఫ్యాక్టరీ ఉంది. మేనకోడలి పెండ్లికి ఫొటో వేసిన బాటిళ్లు కానుకగా ఇస్తానంటే ఆమె వద్దంది. వాడు పెండ్లి రోజు పొద్దున్నే ఒక ఆటో నిండా బాటిళ్లు వేయించి, మండపం గేటు బయట ఆపుకుని నిలబడ్డాడు. "పిలస్తారులే, నేనేం తొందర పడను" అన్నాడు నాతో.

ముహూర్తం బాగా జరిగింది. గేటు దగ్గర ప్రతి ఒక్కరి చేతికీ ఒక లోటా ఇచ్చారు. అందరూ తిప్పి చూసి మెచ్చుకున్నారు. నేను ఛాతీ విరుచుకుని తిరిగాను.

మొదటి బంతికి నూటయాభై మంది కూర్చున్నారు. ఆకులు పడ్డాయి. జగ్గులతో నీళ్లు పోసేవాళ్లు వచ్చారు. వాళ్లు వరస ఈ చివర నుంచి ఆ చివర దాకా నడిచారు, ఒక్క బొట్టు పోయలేదు. పోయడానికి ఒక్క ఆకు పక్కన కూడా లోటా లేదు! అన్నీ సంచుల్లోకి, చీర చెంగుల్లోకి వెళ్లిపోయాయి.

"బాటిళ్లు యాడప్పా?" అని ఒకడు కేక వేశాడు. మిరపకాయ బజ్జీ కొరికిన పెద్దాయనకు ఎక్కిళ్లు పట్టుకున్నాయి. "నీళ్లు, నీళ్లు" అని నాలుగు వైపుల నుంచి అరుపులు. ముందు వరసలో సుబ్రమణ్యం మీసం సవరించుకుంటూ నవ్వుతున్నాడు. వేదిక మీద ఫొటోలకు నిలబడిన నందిని అక్కడి నుంచే అంతా చూసింది. ఆ పిల్ల మొహం చూడలేకపోయాను.

ఏకాంబరం చెమటలు కక్కుతూ నా చేయి పట్టుకున్నాడు. "బాషా, ఆకు ముందర కూర్సున్నోళ్లకు నీళ్లు లేవంటే పరువు యాడుంటాది? గిరికి ఫోన్ చేసేసినా. మొదటి బంతికి మటుకు బాటిళ్లు పెట్టేస్తాం."

"ఒక్క నిమిషం ఆగప్పా" అని నేను వరస చివర కూర్చున్న రాఘవమ్మ దగ్గరికి పరుగెత్తాను. ఆమె ఏకాంబరం అక్క.

"అక్కా, లోటా ఏది?"

"సంచిలో ఉండాది."

"బయటికి తియ్యి. నీళ్లు పోస్తారు."

ఆమె నన్ను పైనుంచి కింది దాకా చూసింది. "నీకు మతి ఉండాదా బాషా? పెండ్లిలో ఇచ్చిన కొత్త సామాను. పిల్లోళ్ల పేర్లు ఉండాయి దాని మీద. ఇంటికి తీసకపోయి, దేవుడి కాడ పెట్టి, పాలు పోసి, ఆపైన కదా వాడుకునేది? ఈడనే కూర్సోని ఎవురన్నా ఎంగిలి చేస్తారా?"

ఎంత నిజం! వెనక్కి తిరిగి చూస్తే జైతున్‌బీ కూడా తన లోటాను చేతిగుడ్డలో చుట్టి ఒడిలో పెట్టుకుని ఉంది. నెల రోజులు ఆలోచించిన మాలో ఒక్కరికీ ఈ సంగతి తట్టలేదు. పేర్లు లేకుండా ఉత్త లోటా ఇచ్చి ఉంటే అందరూ హాయిగా తాగేవాళ్లు. నేను మురిసిపోతూ కొట్టిన అక్షరాలే ఆ పిల్ల కొంప ముంచుతున్నాయి.

మా నాయన కాలంలో పెండ్లంటే ప్రతి ఇంటి నుంచీ చెంబులూ లోటాలూ తెచ్చుకునేవాళ్లు. ఎవరివి వాళ్లకు చేరాలనే పేర్లు కొట్టించేవాళ్లు. పేరు పడితే ఆ సామాను ఆ మనిషిది, అంతే. ఆ మాట గుర్తుకు రాగానే స్కూటర్ దగ్గరికి పరుగెత్తాను. పేర్లు కొట్టే నా కరెంటు మిషను ఎప్పుడూ డిక్కీలోనే ఉంటుంది. మైకు సెట్టు అతని దగ్గర వైరు లాక్కుని, రాఘవమ్మ పక్కనే నేల మీద చతికిలబడ్డాను.

"అక్కా, లోటా ఇట్లియ్యి. నీ పేరు కొడతా."

ఊరికే పేరు కొడతానంటే వద్దనే ఆడమనిషిని నేను చూడలేదు. వెంటనే తీసి ఇచ్చింది. జంట పేర్లకు వెనక వైపు 'రాఘవమ్మ' అని కొట్టి చేతికిచ్చాను.

"ఇప్పుడిది ఎవురిది?"

"నాది."

"నీ లోటా, నీ నోరు. ఇంక ఎంగిలి ఏముండాది?"

ఆమె ఒక క్షణం ఆలోచించింది. ఆ క్షణంలోనే గిరిప్రసాద్ భుజాన బాటిళ్ల కట్ట పెట్టుకుని హాలు గుమ్మం దాకా వచ్చేశాడు. సుబ్రమణ్యం లేచి నిలబడ్డాడు. రాఘవమ్మ లోటా ముందుకు చాపింది. జగ్గు వంగింది. ఆమె గటగటా తాగి, "సల్లగా ఉండాయి" అంది.

"నాక్కూడా కొట్టప్పా" అంది పక్కావిడ. ఆమె పక్కన ఉన్నాయన కూడా సంచిలో చేయి పెట్టాడు. వరసంతా సంచులు తెరుచుకున్నాయి. దప్పిక ఆగనివాళ్లు "పేరు తర్వాత కొట్టుదువులే" అని ముందే నీళ్లు పోయించుకున్నారు. ఏకాంబరం ఒక్క అంగలో గుమ్మం దగ్గరికి పోయి రెండు చేతులూ అడ్డం పెట్టాడు. "గిరీ, లోపలికి తేవద్దు. గేటు బయటనే పెట్టు."

ఆ తర్వాత నాలుగు గంటలు నేను తల ఎత్తలేదు. రెండో బంతివాళ్లు ముందే లైను కట్టారు. ఎవరి పేరు వాళ్లు కొట్టించుకుని, దాన్ని పక్కవాళ్లకు చూపించుకుంటూ పోయి కూర్చున్నారు. పెండ్లికొడుకు పక్కవాళ్లలో ముసలావిడ ఒకరు అరవ అక్షరాల్లో కావాలని అడిగింది. అదీ కొట్టాను. సరిహద్దు దగ్గర పుట్టినవాడికి ఆ మాత్రం రాదా? వేళ్లు తిమ్మిరెక్కాయి. అయినా ఒక్క అక్షరం కూడా జారనివ్వలేదు. నా జీవితంలో అంత గర్వంగా ఎప్పుడూ పని చేయలేదు.

చివరి బంతిలో ఒక చేయి లోటాతో నా ముందుకు వచ్చింది. తల ఎత్తితే గిరిప్రసాద్.

"ఫొటో కావాలంటే నా కాడ లేదప్పా, పేరే" అన్నాను.

"కొట్టు మామా, దప్పికగా ఉండాది" అన్నాడు తల దించుకుని. కొట్టాను. వాడి పేరు కూడా శ్రద్ధగానే కొట్టాను.

భోజనాలయ్యాక సుబ్రమణ్యం మిగతా ముగ్గురినీ వెంటబెట్టుకుని మండపం వెనక్కి పోయాడు. ఆకులు తప్ప ఏమీ లేవు. రెండు ఆవులు వాటిని తింటున్నాయి. తిరిగొచ్చి, అందరూ వినేటట్టు నందినితో అన్నాడు: "గెలిసినావమ్మా. ఇంక మా నాలుగు మండపాల్లోనూ బాటిల్ ఉండదు." తర్వాత నా వైపు తిరిగాడు. "బాషా, వచ్చే నెల మా పాప పెండ్లి. ఎనిమిదివందల లోటాలు కావల్ల. జంట పేర్లు వద్దు. వచ్చినోళ్ల పేర్లే కొట్టు."

మండపమంతా చప్పట్లు. నందిని మెట్లు దిగి నా దగ్గరికొచ్చింది. కళ్లలో నీళ్లు, నోటి నిండా నవ్వు.

"మామా, పొద్దుట్నుంచి నువ్వు నీళ్లు తాగినావా?"

తాగలేదు. నాకు లోటా తీసుకోవడమే గుర్తు లేదు. నలభై ఏళ్లలో నా పేరు దేని మీదా కొట్టుకోలేదని కూడా అప్పుడే తట్టింది. ఆమె ఒక లోటా తెచ్చి, పట్టుచీరతోనే నేల మీద కూర్చుని నా మిషను అందుకుంది. వద్దన్నా వినలేదు. నాలుక బయటపెట్టి, చిన్నపిల్ల పలక మీద రాసినట్టు రాసింది. 'లా' ఒక వైపు ఒరిగింది. 'బాషా' కిందికి జారి అంచు దాకా పోయింది. జన్మలో అంత వంకర అక్షరాలు నేను చూడలేదు.

"దిద్దమంటావా మామా?" అంది భయంగా.

"ముట్టుకున్నావంటే ఊరుకోను" అని లోటా లాక్కున్నాను. రూపేష్ జగ్గు తెచ్చి నీళ్లు పోశాడు. నిండుగా తాగాను. తర్వాత మళ్లీ అదే లోటా నిండా పోయించుకుని అదీ తాగాను.