రుచికి ఒక్క ముక్క

చర్చి కింద గదిలో కుర్చీలు గుండ్రంగా వేసి, కాఫీ కాచి, నిమ్మకాయ కేకు కోసి పళ్ళెంలో సర్దాక గానీ నేనూ రోగినేనన్న సంగతి నాకు గుర్తురాదు.

భయాలున్నవాళ్ళం వారానికోసారి కూర్చుని మనసులో మాట చెప్పుకోవాలి. అదే మందు. డాక్టరు రాశాడు. "చెప్పుకోడానికి నీకేముందని? తిండికి లోటా, గుడ్డకి లోటా?" అన్నాడు మా ఆయన ఆర్విల్. "సరేలే, ఈ మంచులో నువ్వు బండి నడపలేవు. నేనే దింపి, నేనే తీసుకొస్తా. గంట దాటితే హారన్ కొడతా." మా ఊరు డులూత్‌లో ఇదే మంచులో పిల్లలందర్నీ ఎక్కించుకుని స్కూలు బస్సు నడిపి రిటైరైనదాన్ని నేను. ఆ మాట నోటిదాకా వచ్చి ఆగిపోయింది.

ఎవరు గడప దాటినా నాకు గుండెదడ. ఆసుపత్రికని వెళ్ళిన అమ్మ తిరిగి రాలేదు. సరస్సు మీద ఓడ పనికి వెళ్ళిన అన్నయ్యా రాలేదు. ఆర్విల్ చేపలకి వెళ్ళినా సరే, బండి మలుపు తిరిగేదాకా కిటికీ వదలను. బడి మధ్యలో మానేసినా చదువు మానలేదు నేను. లైబ్రరీ పుస్తకాల్లోనూ నా జబ్బుకి అదే కారణం కనిపించింది. అయినా ఇక్కడ నా వంతు రాగానే, "ఇంకాస్త కాఫీ పొయ్యనా ఎవరికైనా?" అని లేస్తాను. మావాళ్ళు మర్యాదస్తులు. బలవంతపెట్టరు. వంతు పక్కవాళ్ళకి వెళ్ళిపోతుంది.

ఆవేళ పళ్ళెంలో ఒక్క ముక్క మిగిలింది. మా వైపు ఆఖరి ముక్క తీసుకోవడమంత సిగ్గుమాలిన పని లేదు. మా గుంపులో డ్వేన్ దాన్ని సగానికి కోసి, "రుచికి" అని తీసుకున్నాడు. మిగిలిన సగంలో సగం పక్కనున్న ఆర్లిస్ తీసుకుంది. అలా అలా గోరంత మిగిలింది. కొత్తగా టెక్సస్ నుంచి వచ్చిన మా సలహాదారు మారిబెల్, చిన్నపిల్ల, దాన్ని చటుక్కున నోట్లో వేసేసుకుంది.

ఎవరో పోయినట్టు అందరూ ఆ పిల్లవైపు చూశారు.

"ఈ గదిలో ఇంత ఘోరం ఎప్పుడూ చూళ్ళేదమ్మా," అన్నాడు డ్వేన్.

"అయ్యో! కావాలంటే అడగొచ్చు కదండీ?"

"అడగడమా!" ఆర్లిస్ బుగ్గలు నొక్కుకుంది. "అడిగితే మనకి కావాలని తెలిసిపోదూ?"

నాకు నవ్వాగలేదు. మారిబెల్ నావైపు తిరిగింది. "మీరేం తిన్నారు లవోన్ గారూ?"

"నేనా? కోసేటప్పుడు కత్తికి అంటుకున్నది నాకాను."

మారిబెల్ నా చేతిలోంచి కాఫీ కూజా తీసుకుని, "కూర్చోండి. మీ వంతు," అంది.

కూర్చున్నాను. "మా ఆయన బయటికెళ్తే భయం నాకు."

"తిరిగి రాడేమోననేగా? నాకూ అంతే తల్లీ," అంది ఆర్లిస్.

ఔనని తలూపితే సరిపోయేది. నా బతుకంతా తలూపడమేగా. కానీ బండి మలుపు తిరిగాక ఇల్లెలా ఉంటుందో కళ్ళముందుకొచ్చింది. "లవోన్, నా మేజోళ్ళేవి?" అనే కేక ఉండదు. గిన్నెలు తొట్టిలోనే ఉంటాయి. ఆయన పడక్కుర్చీలో కాళ్ళు చాపుకుని పుస్తకం తెరుస్తాను. ఆ హాయి ఎంత పెద్దదంటే, ఆ పాపం తగిలి ఆయనకేమైనా అవుతుందేమోనని మళ్ళీ పరుగెత్తి కిటికీ దగ్గర నిలబడతాను.

"కాదు ఆర్లిస్," అన్నాను. "అమ్మ పోతే ఏడ్చాను. అన్నయ్య పోతే ఏడ్చాను. ఈయన పోతే ఏడుపు రాదేమోనని భయం."

డ్వేన్ కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. ఆర్లిస్ తన కుర్చీ నా దగ్గరికి జరుపుకుంది. బయట హారన్ మోగింది. మళ్ళీ మోగింది. మారిబెల్ గడియారం వైపు చూసింది.

"కొట్టుకోనివ్వమ్మా," అన్నాను. "నాదింకా అవలేదు."